వరి సాగు పెట్టెల్లో వచ్చిన చాయమ్మ

సర్కారు ప్రచార వ్యానులో ఆపరేటరుగా చేరబోయే పిల్లలకు ముందే ఒక మాట చెప్పాలి. నేను ముసలివాణ్నై రిటైరు కాలేదు. నా నడుము నాకంటే ముందే రిటైరైంది. దాన్ని ఒంటరిగా ఇంటికి పంపడం బాగుండదని నేనూ వెంట వచ్చేశాను. ఇందుకు కారణం మా జనరేటరు. దాని బరువు ఉన్నదున్నట్టు రాస్తే మీరు నమ్మరు గనుక బాగా తగ్గించి రాస్తున్నాను: నెలలు నిండిన బర్రె అంత.

మీ కాలంలో వ్యాను పక్కనే తెర వెలుగుతుందట, మీట నొక్కితే బొమ్మ పడుతుందట. మేం జగిత్యాల ఆఫీసు నుంచి బయలుదేరి ఊరికి చేరేసరికి మా ఒంటి మీద ఉన్న దుమ్ముతో ఒక మడి నింపవచ్చు. రెండు గుంజలకు తెల్లటి తెర కట్టాలి, వంద గజాల అవతల జనరేటరు పెట్టాలి, ప్రొజెక్టరుకు రీలు ఎక్కించాలి, మైకులో "హలో, హలో" అనాలి. ఆ హలోకు ఊళ్లో కుక్కలన్నీ జవాబు చెప్పేవి. దీపాలు పెట్టే వేళకు కుటుంబ నియంత్రణ సినిమా మొదలయ్యేది. జనం పిల్లాపాపలతో, అంటే మా సినిమా వద్దన్న సంఖ్య కంటే చాలా ఎక్కువ మందితో వచ్చి, శ్రద్ధగా చూసి వెళ్లేవారు.

అవి అన్నల కాలం, అంటే నక్సలైట్ల రోజులు. నలుగురు ఒకచోట చేరితే పోలీసులు వచ్చి ఏం జరుగుతోందని అడిగేవారు. పోలీసులు వెళ్లాక ఇంకొకరు వచ్చి, పోలీసులు ఏం అడిగారని అడిగేవారు. నేను మాత్రం రెండు వందల మందిని నా చేతులతో పోగుచేసి జీతం తీసుకునేవాణ్ని. ఆ రోజుల్లో అంతటి ధైర్యవంతుడు జిల్లాలో లేడని మా ఆవిడ దగ్గర చెప్పుకునేవాణ్ని. ఆమె కూడా నమ్మలేదు.

కొడిమ్యాలలో నాటు పడలేదు

ఎప్పుడో ఒక ఉత్సాహవంతుడైన ఆఫీసరు 'జపాను పద్ధతి వరి సాగు' మీద సినిమా పంపమని పై ఆఫీసుకు రాశాడట. ఆయన రిటైరయ్యాడు, ఆయన తర్వాతాయన కూడా రిటైరయ్యాడు. జపానువాళ్లే ఆ పద్ధతి మరిచిపోయి ఉంటారు అనుకునే సమయానికి రైల్లో ఆరు ఇనుప పెట్టెలు దిగాయి. ప్రతి పెట్టె మీదా చీటీ అతికించి ఉంది: వరి సాగు.

ముందుగా రీలు చూసుకోవాలి. ఈ ఉద్యోగంలో మొదటి నియమం ఇదే, అందుకే నేను మొదట మానేసిన నియమం కూడా ఇదే. నేరుగా కొడిమ్యాలకు పట్టుకుపోయాను. వ్యవసాయాధికారి గారిని ముందు వరుసలో కుర్చీ వేసి కూర్చోబెట్టాం. వెనక రైతులు. నేను స్విచ్చి వేశాను.

తెర మీద నలుపు తెలుపుల్లో గడ్డి చాపలు పరిచిన ఇల్లు కనిపించింది. ముగ్గురు మగవాళ్లు కింద కూర్చొని ఏమీ మాట్లాడుకోవడం లేదు. రైతులు ఓపిగ్గా చూశారు. ఆ ముగ్గురూ అంతకంటే ఓపిగ్గా కూర్చున్నారు. వ్యవసాయాధికారి గారు నా వైపు తిరిగారు. నాకు చెమట పట్టింది. ఆ చెమటతో ఒక ఎకరం పారేది. మైకు అందుకున్నాను.

"రైతు సోదరులారా! వీళ్లు జపాను రైతులు. పొలానికి పోయే ముందట ఆలోచన చేస్తున్నరు."

"ఏం రైతులు సారూ! కోట్లేసుకున్నరు!" అన్నాడు ఒకాయన వెనక నుంచి.

"ఆడ పొలానికి గట్లనే పోతరు."

"నాటెప్పుడేస్తరు మరి?"

"చాయ తాగినంక."

నోటికొచ్చింది అన్నాను, అంతే. అనడమే ఆలస్యం, తెర మీద తలుపు పక్కకు జరిగింది. ఒక పిల్ల మోకాళ్ల మీద కూర్చొని, ట్రే ముందు పెట్టుకొని వంగి దండం పెట్టింది. చాయ! జనం ఈలలు వేశారు. నేను సర్వం తెలిసినవాడిలా ఛాతీ విరిచాను. ఆ తర్వాత ఆ సినిమాలో ఆమె మళ్లీ మళ్లీ వచ్చింది, వచ్చినప్పుడల్లా చాయే.

"ఇంకో చాయనా! పొద్దుగూకినంక నాటేసుడేంది సారూ!" అన్నాడు ఆ వెనక ఉన్నాయనే.

వ్యవసాయాధికారి గారు సగంలోనే లేచి వెళ్లిపోయారు. రైతుల్లో ఒక్కరూ లేవలేదు. ఆఖరి వరకూ కూర్చున్నారు, నాటు కోసం కాదని నాకు అర్థమైంది. చివర్లో ఒక ముసలాయన నా దగ్గరికి వచ్చి, "పంట సంగతి గట్ల పెట్టు గాని సారూ, ఆ చాయ తెచ్చే పోరి మస్తు చేసింది" అని చెప్పి పోయాడు.

మా వరి సాగు సినిమా మరి ఏమైందంటారా? పట్నంలో ఏదో కళా చిత్రాల సంఘానికి చేరి ఉంటుందని నా నమ్మకం. నాట్లు వేసే దృశ్యం నిడివిని వాళ్లు ఎంత మెచ్చుకున్నారో!

మా ఆఫీసరు గారి తీర్పు

పొద్దున్నే వెళ్లి మా ఆఫీసరు గారికి చెప్పాను: "సార్, అవి వరి సాగు కాదు. జపాను కథా చిత్రాలు."

ఆయన కళ్లజోడు సవరించుకున్నారు. "పెట్టె మీద ఏమని ఉన్నది?"

"వరి సాగు అని."

"మనం ఏమని అడిగినం?"

"వరి సాగు."

"అడిగింది అదే, వచ్చింది అదే. నడుమ నీకేం బాధ? సరిగ్గా చూసుండవు. ఇంకోసారి ఆడించు."

పై అధికారుల గురించి నేను నేర్చుకున్నది ఇక్కడ సూటిగా రాస్తాను. మొండివాడైన ఆఫీసరు దొరికితే ఏడవకండి. తెలివైన ఆఫీసరు ఉండి ఉంటే ఆ పెట్టెలు మర్నాడే తిరుగు రైలెక్కేవి. మా ఆఫీసరు గారి మొండితనం వల్ల కొడిమ్యాల, మేడిపల్లి, కోరుట్ల, ముస్తాబాద్, సిరిసిల్ల జనం నిఖార్సైన జపాను సినిమాలు చూశారు. అదీ ప్రభుత్వ ఖర్చుతో, ఎరువుల పథకం కింద.

ట్రే పట్టుకున్న మనిషి

ఆరో పెట్టె తాళపు కొక్కెం తుప్పుపట్టి రాలేదు. మిగిలిన అయిదూ ఆడించాం. అయిదింటిలోనూ ఆమె ఉంది. మొదట నేను పోల్చుకోలేదు, సిరిసిల్ల మగ్గాల వాడలో ఒక ఇల్లాలు పోల్చింది: "ఏమే, గీమె మన చాయమ్మనే!" ఎడమ కనుబొమ్మ మీద చిన్న గాటు ఉంది, అదీ ఆనవాలు. ఆనాటి నుంచి ఆమె పేరు చాయమ్మ. అసలు పేరు సినిమా మొదట్లో పడే ఉంటుంది. కానీ ఆ అక్షరాలు నిలువుగా, వాన కురిసినట్టు పడతాయి. ఆ వానలో ఆమె చుక్క ఏదో చెప్పడం నా వల్ల కాలేదు.

ఏ సినిమా ముందు తీశారో, ఏది తర్వాతో ఎవరికి తెలుసు? ఆమె మొహం చూసి నేనే వరస కట్టాను. రెండు జడల పిల్లగా ఉన్నది మొదటిది. బుగ్గలు నిండినది రెండోది. గొంతు దగ్గర ముడతలు పడ్డది అయిదోది. ఆ వరసలో ఆడిస్తూ మైకులో ఆమె ఉద్యోగ చరిత్ర చెప్పేవాణ్ని. చాయమ్మ ఈ సంవత్సరం పెద్దింట్లో పనికి కుదిరింది, చాయమ్మకు కొత్త యజమాని వచ్చాడు, చాయమ్మ తమ్ముణ్ని చదివిస్తున్నది. అసలు కథానాయకుడు తెర మధ్యలో నిలబడి గుండెలు బాదుకుంటున్నా మేం పట్టించుకునేవాళ్లం కాదు. "గాయిన ఏడ్పు అయిపోనియ్యిండ్రి, చాయమ్మ అస్తది" అనేవారు జనం.

మా డ్రైవరు యాదగిరి వ్యానుకు సారథి, నాకు మనస్సాక్షి. ఒకరోజు రీలు చుడుతూ అన్నాడు: "సారూ, నువ్వు ఇన్ని మాటలు చెప్తవు. గామె ఒక్క మాట చెప్పదు. యాదికున్నది ఎవలు? గామెనే."

నిజమే. ఒక సినిమాలో ఇంటి కోడలు ఏడుస్తూ కూర్చుంటుంది. చాయమ్మ వచ్చి కప్పు పెడుతుంది, లేవబోతుంది, ఆగి ఆ కప్పును కొంచెం, ఒక్క వేలెడంత, కోడలి వైపు జరుపుతుంది. అంతే, వెళ్లిపోతుంది. నేను ఆ సినిమా ఎన్నిసార్లు ఆడించానో, అన్నిసార్లూ ఆ వేలెడు దగ్గర ఆడవాళ్లు "అయ్యో" అన్నారు. నేను రెండు గంటలు మైకు నమిలినా ఒక్క అయ్యో సంపాదించలేదు. ఉద్యోగం ఎలా చేయాలో నాకు మా శాఖ నేర్పలేదు, ఆమె నేర్పింది. ఆమెకూ నాకూ పోలిక ఒక్కటే, ప్రమోషను ఇద్దరికీ రాలేదు.

ముగ్గురికి మూడు మాటలు

కోరుట్లలో బీడీలు చేసే రాజవ్వ అని ఒకామె ఉండేది. అంతకుముందు మేడిపల్లిలో దొర ఇంట్లో పని. అన్నలు వచ్చాక దొర తన కోటలాంటి గడీకి తాళం వేసి పట్నం పోయాడు. ఆమె బీడీల చాట ఒళ్లో పెట్టుకుంది. మా సినిమా ఎక్కడున్నా నడిచో, బస్సెక్కో వచ్చేది. అందరూ కింద కూర్చుంటే ఆమె మాత్రం వ్యానుకు ఆనుకొని నిలబడి చూసేది. "కూసో అవ్వా" అంటే "అలవాటు లేదు కొడుకా" అనేది. హోటలు నుంచి మాకు చాయ వస్తే ఆమెకూ ఒక గ్లాసు ఇచ్చేవాణ్ని. "మీరు తాగుండ్రి. నేను ఎనకకు తాగుత" అనేది. ఆ వెనక ఎప్పుడూ రాలేదు. గ్లాసు వ్యాను మెట్టు మీద చల్లారిపోయేది.

ఒకనాడు అడిగింది: "సారూ, గామె అందరికి పోస్తది గద. గామె ఎన్నడన్న తాగుతదా?"

అయిదు సినిమాలు మనసులో తిప్పుకున్నాను. ఎక్కడా తాగలేదు. లేదని చెప్పవచ్చు. కానీ ఆ మొహం చూసి లేదనడం నాకు చేతకాలేదు.

"తాగుతది అవ్వా. ఆరో పెట్టెల తాగుతది."

"నిజంగనా? కండ్లార చూడాలె కొడుకా. మా దొర ఇంట్ల నేను ఎన్ని గంగాళాల చాయ కాసిన్నో, వేడిది ఎట్లుంటదో నాకు తెల్వదు."

నవ్వుతూనే చెప్పింది. నేను నవ్వలేకపోయాను. నా వృత్తి జీవితంలో అది అరుదైన సంఘటన.

ఆ వారమే కోరుట్ల హోటల్లో తువ్వాలు కప్పుకున్న మనిషి ఒకడు నా బల్ల దగ్గర కూర్చున్నాడు. ఎవరని నేను అడగలేదు. అడగకపోవడం ఆ రోజుల్లో మర్యాద.

"ఆపరేటరన్నా, నీ చాయమ్మ దొరకు ఎన్నేండ్లు మోస్తదే చాయ?"

"గది... సినిమ అన్నా."

"మేమూ చూసినం. తిరగవడదా? ఆ చాయ మొఖాన పోస్తే జనానికి సమజైతది."

తాగుతున్న చాయ బల్ల మీద పెట్టేశాను. "పోస్తది అన్నా. ఆరో పెట్టెల. మసిలే చాయ."

"మసిలేదేనా?"

"పొగలు కనవడుతయి."

ఆయన సంతృప్తిగా లేచాడు. నా చాయకు కూడా ఆయనే డబ్బులిచ్చాడు. దాంతో నా భయం రెండింతలైంది.

ఇక సిరిసిల్లలో ఎస్సై గారు పిలిపించారు. "ఎవరయ్యా ఈ చాయమ్మ? జనం నోట్ల అదే పేరు. ఏ ఊరు?"

"జపాను సార్."

"జపాను అంటే ఏ మండలం?"

"దేశం సార్."

ఆయన నన్ను కిందికీ మీదికీ చూశారు. "నువ్వు మైకుల ఏమేమో కలుపుతున్నవని రిపోర్టు ఉన్నది. ఆమె ఆ ఇంటి యజమాని ముందట చాయ ఒలకబోసిందనుకో, మొదలు నిన్ను లోపలేస్త."

"ఒలకదు సార్! ఆరో సినిమాల ఇంకింత వంగి పెడుతది."

ఇలా నేను చూడని సినిమాలో చాయమ్మ ఒకే చాయను తాగాలి, మొహాన పోయాలి, వినయంగా అందించాలి. బయటకు వచ్చి యాదగిరికి చెప్పాను. వాడు స్టీరింగు మీద తల పెట్టి చాలాసేపు నవ్వాడు. నవ్వడం ఆపి, "అండ్ల రాజవ్వకిచ్చిన మాట ఒక్కటే నిజం గావాలె సారూ. మిగతా ఇద్దరు నిన్ను ఏం చేసినా నేను ఏమనుకోను" అన్నాడు.

తుప్పు పట్టిన కొక్కెం

అంతలో పై ఆఫీసు నిద్ర లేచింది. పెట్టెలు తారుమారయ్యాయి, ఆరూ వెంటనే తిప్పి పంపండని ఉత్తరువు. మా ఆఫీసరు గారు నన్ను పిలిచి, "నేను మొదలే చెప్పిన గద, అవి వరి సాగు కావని" అన్నారు. నేను అవునన్నాను. ఈ ఉద్యోగంలో ఇలాంటి అవును ఒకటి ఎప్పుడూ జేబులో ఉంచుకోండి.

పెట్టెలు పంపే ముందు ఆఖరి ఆట సిరిసిల్లలో, మగ్గాల షెడ్ల మధ్య ఖాళీ జాగాలో. అటు మగ్గాల చప్పుడు, ఇటు జనం. ఎంతమంది అంటే, తెర వెనక కూర్చొని బొమ్మను తిరగేసి చూసినవాళ్లే ఒక ఊరంత ఉన్నారు. ఎస్సై గారు ఇద్దరు కానిస్టేబుళ్లతో వచ్చి ప్రొజెక్టరు పక్కనే నిలబడ్డారు. కుర్చీ వేస్తే వద్దన్నారు. తువ్వాలు మనిషి ఉన్నాడో లేడో తెలియదు. ఆ సాయంత్రం నా కంటికి అందరి భుజాల మీదా తువ్వాళ్లే కనిపించాయి. రాజవ్వ కోరుట్ల నుంచి బస్సెక్కి వచ్చింది. ఇక్కడ మగ్గం నేసేవాడికిచ్చి పెళ్లి చేసిన కూతురి ఇంట్లో మూట పెట్టి నేరుగా వచ్చి, ఎప్పటిలాగే వ్యానుకు ఆనుకొని నిలబడింది.

యాదగిరి చక్రాలు విప్పే పానాతో కొక్కెం విరగ్గొట్టాడు. రీళ్లు బాగానే ఉన్నాయి. ముందుగా చూసుకునే వ్యవధి లేదు. ఉన్నా చూసేవాణ్ని కాదు, భయం.

పెద్ద ఇల్లు, నిండా మనుషులు. చాయమ్మ జుట్టు నెరిసింది. జనం ఒక్కసారిగా "ముసల్దైంది పాపం" అన్నారు. రీలు తర్వాత రీలు, ఆ ఇంటివాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోతున్నారు. ఒకరు పెళ్లై, ఒకరు తగాదాపడి, ఒకరు పాడె మీద. ఆమె మాత్రం చాయ తెస్తూనే ఉంది. ఇంటి యజమాని ముందు కప్పు పెట్టినప్పుడల్లా ఎస్సై గారు ముందుకు వంగారు. నేను మైకులో గొంతు చించుకున్నాను: "ఇప్పుడే కాదు! ఇప్పుడే కాదు!" ఏది ఇప్పుడే కాదో ఎవరికి నచ్చినట్టు వాళ్లు అర్థం చేసుకున్నారు.

ఆఖరి రీలు. ఇంటాయన కూడా కోటు తొడుక్కొని గడప దాటి పోయాడు. మొహాన పోయడానికి మొహం లేదు, వంగి పెట్టడానికి మనిషి లేడు. నా ఉద్యోగం ఆ కోటు వెంబడే గడప దాటింది అనుకున్నాను. అప్పుడు వంటింట్లో చాయమ్మ నీళ్లు కాస్తూ కనిపించింది. ట్రే ఎత్తుకుంది. వసారా వెంట నడిచింది. మోకాళ్ల మీద కూర్చుంది. తలుపు పక్కకు జరిపింది.

గది ఖాళీ. బీరువా ఉన్న చోట చాప మీద దాని ఆకారం మాత్రం మిగిలింది.

సరిగ్గా అప్పుడు వాడలో కరెంటు పోయింది. మగ్గాలన్నీ ఒక్కసారి ఆగిపోయాయి. మా జనరేటరు దూరంగా గునుస్తోంది, తెర మీద బొమ్మ నడుస్తోంది. మైకు నా చేతిలోనే ఉంది. నేను మాట్లాడాలి. ఎంత మాటైనా అనవచ్చు, అలవాటు నాకు. కానీ తర్వాత ఏం జరుగుతుందో నాకూ తెలియదు. జీవితంలో మొదటిసారి సినిమా చూస్తున్నాను. మైకు ఆపేశాను.

ఆమె లోపలికి వెళ్లింది. ట్రే కింద పెట్టింది. అలవాటుగా కప్పు నింపి, రెండు చేతులతో ఎత్తి ఎదురుగా చాచింది. ఎదురుగా ఎవరూ లేరు. చేతులు అలాగే కొంచెంసేపు ఉన్నాయి. కప్పులోంచి పొగ లేస్తోంది. అంత మాత్రం నేను నిజం చెప్పినట్టే. ఆమె గది నాలుగు పక్కలా చూసింది, దొంగతనం చేస్తున్న మనిషిలా. తర్వాత కప్పును మెల్లగా తన వైపు తిప్పుకుంది.

ఎవరూ దగ్గలేదు. ఏ పిల్లా ఏడవలేదు.

వ్యాను దగ్గర నుంచి రాజవ్వ గొంతు వినిపించింది, పక్కన కూర్చున్న మనిషితో అన్నట్టు: "తాగు బిడ్డా. నిమ్మలంగ తాగు. ఎవలు లేరు."

చాయమ్మ తాగింది.

రీలు అయిపోయి, దాని చివర గిలగిల కొట్టుకుంటూ తిరిగింది. తెర మీద ఉట్టి తెల్లటి వెలుగు. చప్పట్లు లేవు, ఈలలు లేవు, లేచినవాళ్లూ లేరు. ఎస్సై గారు నా చెవిలో "గంతేనా?" అన్నారు. "గంతే సార్" అన్నాను. ఏ సెక్షను పెట్టాలో ఆయనకు తోచినట్టు లేదు.

యాదగిరి ఎప్పుడు వెళ్లాడో, హోటలు నుంచి చాయ పట్టుకొచ్చాడు. మొదటి గ్లాసు రాజవ్వ చేతిలో పెట్టాడు. ఆమె నా వైపు చూసింది. "మీరు తాగుండ్రి" అనబోయి, ఆగింది. వ్యాను మెట్టు మీద కొంగు పరుచుకొని కూర్చుంది. ఊదుకుంది. ఒక గుక్క తాగి, "అబ్బ, మస్తు వేడున్నది" అంది.

మేమందరం ఆమెనే చూస్తూ ఉండిపోయాం. ఎస్సై గారు అలాగే నిలబడి ఉన్నారు. ఆయనకు చాయ ఇవ్వాలన్న సంగతి ఒక్కరికీ గుర్తు రాలేదు.